మడతలసీమ: పటం గీస్తే నేల మారే లోకం. లోపాలు వెతికిపెట్టండి

కాటుకకలం
శనివారం, రాత్రి 9:12

అందరికీ నమస్తే. ఆదివారాలు మా బ్యాచ్‌తో పాచికలేసి ఆడే కథాట కోసం ఒక లోకం కడుతున్నా. పేరు మడతలసీమ. ఆట కుదిరితే తర్వాత నవలగా రాద్దామని ఉంది. అనుకున్నంత వరకు కింద పెడుతున్నా, మొహమాటం లేకుండా ఉతికి ఆరేయండి.

మడతలసీమలో సూర్యుడున్నాడు గానీ తూర్పు లేదు. రోజుకో పక్క పొడుస్తాడు. దేశం మొత్తం ఒకే ఒక్క బట్ట మీద గీసి ఉంటుంది, ఆ బట్ట ఉండే చోటు పటశాల. గీతగాళ్ళు రాత్రంతా కూర్చుని వెదురుకలంతో గీతలు దిద్దుతారు. తెల్లారేసరికి బట్ట మీద ఏముంటే నేల మీద అదే. గోడ గీస్తే గోడ లేస్తుంది, బావి చెరిపితే బావి పూడిపోతుంది. బట్టని మడిస్తే, మడతలో ఒకదానికొకటి తగిలిన రెండు ఊళ్ళూ పక్కపక్క ఊళ్ళయిపోతాయి.

గీసే నలుపు మామూలు సిరా కాదు. శ్రీకాళహస్తి కలంకారీలో వాడే కసిమి. తుప్పుపట్టిన ఇనుము, బెల్లం నీళ్ళలో వేసి వారాల తరబడి ఊరబెడతారు. బట్టని ముందే కరక్కాయ రసం, గేదెపాలు కలిపి అందులో ముంచి ఆరబెడతారు. ఆ కరక్కాయ పట్టిన చోట కలం తగలగానే గీత నల్లబడుతుంది. పట్టని చోట అదే కసిమి వట్టి తుప్పు మరక. పాలలో కొవ్వు ఉండబట్టి గీత పాకకుండా నిలుస్తుంది. నా లోకంలోనూ అదే పద్ధతి. కరక్కాయ సరిగ్గా పట్టని చోట గీసిన గోడ సగం గోడ. కంటికి ఆనుతుంది, చెయ్యి పెడితే దూరిపోతుంది.

నాకు తేలనివి రెండు. గోడలు రోజూ మారుతుంటే మనుషులు ఇంటికెలా చేరతారు? ఎవరో ఒకరు నాలుగు గోడల మధ్య ఇరుక్కుని చావకుండా గీతగాళ్ళు ఎలా చూస్తారు?


బిట్‌బాబాయి
శనివారం, రాత్రి 9:40

రెండోదానికి లెక్క ఉందమ్మా, చాలా తేలిక లెక్క.

సీమని 8×8 గళ్ళు అనుకో. 64 గదులు. పక్కపక్క గదుల మధ్య గోడ రాగల చోట్లు 112. ఏ గది నుంచి ఏ గదికైనా సరిగ్గా ఒకటే దారి ఉండాలంటే 63 చోట్ల తలుపులు, మిగతా 49 చోట్ల గోడలు. గది ఎన్నైనా, తలుపులు దానికంటే ఒకటి తక్కువ.

ఇప్పుడు ఎక్కడో ఒక గోడ కొట్టేయి. 64వ తలుపు వచ్చింది. దాంతో పాటు ఒక చుట్టుదారి కూడా వచ్చింది, అంటే బయల్దేరిన గదికే వెనక్కి రాకుండా తిరిగి చేరగల దారి. ఆ చుట్టుదారిలోనే ఏదో ఒక తలుపు మూసేయి. మళ్ళీ 63. సీమ రూపు మారింది, ఎవరూ ఇరుక్కోలేదు. ఒకటి తెరిస్తే ఒకటి మూయాలి, మూసేది ఆ చుట్టులోనే ఉండాలి. గీతగాళ్ళు నేర్చుకోవాల్సింది ఇంతే.

చుట్టు బయట తలుపు మూశారా, సీమ రెండు ముక్కలు. అటువాళ్ళు అటే, ఇటువాళ్ళు ఇటే. నిద్రమత్తులో ఉన్న ఒక్క గీతగాడు చాలు దీనికి. నీ కథ అక్కడే ఉంది, పట్టుకో.


వరంగల్‌వాన
శనివారం, రాత్రి 9:58

బాబాయ్, లెక్క మంచిగనే ఉంది. కానీ నడిచెటోనికి ఏ తలుపు మూసిన్రో ఎట్ల తెలుస్తది? పొద్దుగాల బర్లను తోల్కపోయినోడు మాపటికి తిరిగొస్తే ఇల్లు ఊరవతల ఉంటది. దారి ఉన్నదంటే ఉన్నది. 64 గదులల్ల ఏ మూలకున్నదో ఎవనికెరుక? ఇరుక్కపోకుంట చూసుడు వేరు, ఇల్లు చేరుడు వేరు.


తెరచాటు
శనివారం, రాత్రి 10:21

వాన గారి ప్రశ్నే అసలు ప్రశ్న. అక్కడి జనానికి పటం పనికిరాదు, ఎందుకంటే ఇవాళ్టి పటం రేపటికి చిత్తుకాగితం. వాళ్ళకి కావలసింది పంచాంగం.

మార్పులకి ఒక వరస పెట్టండి. ఫలానా తిథికి ఫలానా సందు తెరుచుకుంటుంది, ఫలానా వారం ఉత్తరపు గోడ జరుగుతుంది అని. మనవాళ్ళకి వారశూల ఉండనే ఉంది. సోమ శనివారాలు తూర్పుకి, మంగళ బుధవారాలు ఉత్తరానికి, గురువారం దక్షిణానికి, శుక్ర ఆదివారాలు పడమరకి ప్రయాణం పనికిరాదంటారు. మన దగ్గర అది నమ్మకం, మడతలసీమలో అది రోడ్డు మూసేశారన్న నోటీసు. గురువారం దక్షిణానికి బయల్దేరినవాడు నిజంగానే గోడకి గుద్దుకుంటాడు.

అప్పుడు ప్రతి ఇంట్లో దూలానికి ఒక తాటాకు వేలాడుతుంది. పెళ్ళి ముహూర్తం పెట్టేటప్పుడు జాతకాల కంటే ముందు పిల్ల వీధి, పిల్లవాడి వీధి ఆ రోజు కలిసి ఉంటాయా లేదా అని చూస్తారు.


బిట్‌బాబాయి
శనివారం, రాత్రి 10:34

పంచాంగం అదిరింది తెరచాటు గారూ. లెక్కలో కూడా అదే చేస్తాం. వరస ఏడు రాత్రులకోసారి మళ్ళీ మొదటికొస్తుంది అనుకుంటే 64 గదుల్ని 64గా చూడకూడదు. ఆదివారపు వంటగది వేరు, సోమవారపు వంటగది వేరు. 64ని ఏడుతో హెచ్చిస్తే 448 చోట్లు. ఒక రోజు కూర్చుని ఎదురుచూడడం కూడా ఒక అడుగే, ఆదివారం గది నుంచి సోమవారం గదికి వేసే అడుగు. ఈ 448 చోట్ల మీద మామూలు చిక్కుదారి విప్పినట్టే విప్పొచ్చు. చాలాసార్లు తేలేదేంటంటే, దగ్గర దారి అంటే కదలకుండా రెండు రోజులు అరుగు మీద కూర్చోవడమే.


సీమపిల్లి
శనివారం, రాత్రి 10:50

ఇంత లెక్క యాల బాబాయ్? ఎడమ చెయ్యి గోడకానించి వదలకుండా పోతే ఏ చిక్కుదారిలో నుంచైనా బయటపడొచ్చు అంటారు గదా. నేను ఆటల్లో అట్లే చేస్తా.


బిట్‌బాబాయి
శనివారం, రాత్రి 11:05

గోడలన్నీ బయటి ప్రహరీకి అతుక్కుని ఉంటేనే ఆ చిట్కా నడుస్తుంది పిల్లీ. మధ్యలో ఎక్కడా అంటకుండా విడిగా నిలబడ్డ గోడ పట్టుకున్నావంటే దాని చుట్టూ గుడిలో ప్రదక్షిణలే. 63 తలుపుల నియమం ఉన్నన్నాళ్ళూ విడిగోడలు రావు, ఎందుకంటే విడిగోడ ఉందంటే దాని చుట్టూ చుట్టుదారి ఉన్నట్టే. కాబట్టి ఒక్క రాత్రి వరకు నీ ఎడమ చెయ్యి పనిచేస్తుంది. తెల్లారితే నువ్వు పట్టుకున్న గోడే ఉండదు.

ఇంకో పద్ధతి 19వ శతాబ్దంలో త్రెమో అనే ఫ్రెంచి ఆయనది. నడిచిన ప్రతి దారికీ ఒక గుర్తు పెట్టాలి, రెండు గుర్తులు పడ్డ దారిలోకి మళ్ళీ వెళ్ళకూడదు. గోడలు కదలనంత కాలం ఇది ఎప్పుడూ తప్పదు. కదిలాయంటే గుర్తులే అబద్ధాలు చెప్తాయి.

మారే గోడల మధ్య నిజంగా దారి నేర్చుకున్నది ఒకటుంది, 1950లో అమెరికా గణితవేత్త క్లాడ్ షానన్ చేసిన బొమ్మ ఎలుక. 25 గళ్ళ పలక, గోడలు తీసి ఎక్కడంటే అక్కడ పెట్టుకోవచ్చు. తెలివంతా ఎలుకలో లేదు, పలక కింద టెలిఫోన్ రిలేల్లో, అంటే కరెంటుతో పనిచేసే స్విచ్చుల్లో ఉంది. కిందనున్న అయస్కాంతం ఎలుకని లాక్కెళ్ళేది. మొదటిసారి తడుముకుంటూ వెళ్ళేది, రెండోసారి నేరుగా వెళ్ళేది. గోడ మారిస్తే, మారిన చోటు వరకే పాతది మరిచిపోయి కొత్తగా వెతుక్కునేది, మిగతా దారి గుర్తుపెట్టుకునేది. అక్కడి జనం కూడా ఇలాగే బతుకుతారు అనుకుంటున్నా. అంతా తెలిసినవాడు ఉండడు, ఏది మరిచిపోవాలో తెలిసినవాడు ఉంటాడు.


గొలుసుసర్వేయరు
ఆదివారం, ఉదయం 6:15

అమ్మా కాటుకకలం, సర్వే శాఖలో చేసి రిటైరయినవాణ్ణి. లోకం బాగుంది. ఒక చోట మాత్రం మింగుడు పడలేదు.

మేం దిక్కుల్ని నమ్ముకునేది తక్కువ, రాయిని నమ్ముకుంటాం. గొలుసు అంటే 66 అడుగులు, అందులో 100 లింకులు. పది గొలుసుల పొడవు, ఒక గొలుసు వెడల్పు ఉంటే ఎకరం. సరే, గొలుసు ఎక్కడ మొదలెట్టాలి? పాతిన రాయి దగ్గర. ఆ రాయిని ఎవడో పీకేశాడనుకోండి, ఎఫ్‌ఎమ్‌బి, అంటే పొలం కొలతల పుస్తకం, ముందు పెట్టుకుని (తెలంగాణ వైపు టిప్పన్ అంటారు), మిగిలిన రెండు రాళ్ళ నుంచి కొలతలు లాగి మూడో రాయి చోటు తేలుస్తాం. మూడు ఊళ్ళ పొలిమేరలు కలిసే చోట ఒక రాయి ఉంటుంది, దాని జోలికి ఎవడూ పోడు. మీ సీమలో అలాంటి రాయి ఒక్కటీ లేదు. అన్నీ కదిలే చోట ఏది కదిలిందో చెప్పలేం. గోడ జరిగిందని రైతుకి తెలియాలన్నా జరగనిది ఒకటి పక్కన కనపడాలి.

ఇంకోటి. బట్ట అంటున్నారు, కలంకారీ అంటున్నారు. దాన్ని రంగులో ఉడకబెట్టడం, పారే నీళ్ళలో జాడించడం ఎన్నిసార్లుంటుందో మీకే బాగా తెలుసు. నూలుబట్ట ముడుచుకుంటుంది. పాత గ్రామపటాలు కాగితం మీదున్నవే ముడుచుకుపోతాయి, స్కేలు పెట్టి చదివేటప్పుడు ఆ తరుగు కలుపుకోవాలి. మీ బట్ట ఉతికిన రోజు నూటికి రెండు పాళ్ళు ముడుచుకుందనుకుందాం. పొడవులో రెండు, వెడల్పులో రెండు. విస్తీర్ణంలో దాదాపు నాలుగు పోతుంది. నిన్న నూరు సెంట్లున్న రైతుకి ఇవాళ 96. శిస్తు మాత్రం నూరుకే కట్టమంటారు. పటశాల మీదకి జనం కర్రలు తీసుకుని వచ్చే రోజు అదే.

లాంబ్టన్ దొర 1802లో మద్రాసు సెయింట్ థామస్ మౌంట్ దగ్గర మొదటి గీత కొలిచాడు. ఏడున్నర మైళ్ళు, 57 రోజులు. అన్ని రోజులెందుకంటే ఎండకి ఉక్కుగొలుసు సాగుతుంది. గొలుసుని చెక్కపెట్టెల్లో పరిచి, పైన డేరా కప్పి, ఉష్ణమాపకం పక్కన పెట్టుకుని, సాగింది ఎంతో లెక్క తీసేసేవాళ్ళు. ఆ ఒక్క గీత సరిగ్గా ఉంటే తర్వాత కోణాలు చూసుకుంటూ దేశమంతా పోవచ్చు. ఆ కోణాలు చూసే థియోడొలైట్ అర టన్ను బరువు. 1808లో తంజావూరు గుడి గోపురం పైకి లాగుతుంటే జారి గోడకి కొట్టుకుని పాడైంది, దాన్ని మళ్ళీ సరిచేసుకోవడానికి వారాలు పట్టింది. తర్వాత లాంబ్టన్ కింద చేరిన జార్జి ఎవరెస్టు దొర 1819లో మన కృష్ణా గోదావరుల మధ్య అడవుల్లో పనిచేస్తూ జ్వరంతో మంచం పట్టాడు. నేల ఊరికే పటంలోకి రాదమ్మా. మీ గీతగాళ్ళు మాత్రం చల్లగా కూర్చుని గీస్తే దేశం తయారవుతోంది. వాళ్ళకీ కాస్త చెమట పట్టించండి.


కాటుకకలం
ఆదివారం, ఉదయం 8:02

గురువు గారూ, ఉతికితే దేశం ముడుచుకుపోవడం నాకు తట్టనే లేదు. దాన్ని నేను వదలను, వాడేస్తా.

రాయి దగ్గరే నా మనసు ఒప్పుకోవట్లేదు. బట్ట చెప్పినట్టు నేల వినడమే ఈ లోకం. బట్టకి లొంగని రాయి ఒకటి పెడితే లోకానికి ఇద్దరు యజమానులవుతారు కదా?


లంకపిల్లోడు
ఆదివారం, ఉదయం 9:30

ఇద్దరు కాదండి, ముగ్గురు. ఏరుని మర్చిపోయారు.

మాది కోనసీమండి, గౌతమి పాయ మీద లంక. మా దగ్గర ఎవరూ ఏ బట్టా గీయకుండానే నేల మారిపోద్ది. వరద తీసిన వారానికి గట్టు అంచున నిలబడి చూడండి. పైన గడ్డి ఎప్పట్లాగే ఉంటాది. కింద నీళ్ళు మట్టిని లోపల్నించి తోడేస్తా ఉంటాయి. ముందు కొబ్బరిచెట్టు వేళ్ళు గాల్లోకొస్తాయి. తర్వాత గట్టుకి మూడు నాలుగు అడుగుల ఇవతల సన్నగా బీట కనపడతాది, చీమలబారు అనుకుంటాం. మర్నాటికి అందులో చెప్పుకాలు పడతాది. అప్పుడిక పశువుల్ని ఇవతలికి తోలేసుకోవాలండి, ఎందుకంటే పడేది పిడికెడు కాదు, బీట దగ్గర్నించి చెట్టుతో సహా ఓ పెద్ద పెళ్ళ దిగిపోద్ది. అవతలొడ్డున అదే మట్టి మేటేస్తాది. పాయ మధ్యలో ఇసకదిబ్బ లేస్తాది, రెల్లు మొలుస్తాది, ఎవరో పాకేస్తారు.

పొలం ఏట్లో కలిసిపోయినోడి దగ్గర పట్టా కాగితం భద్రంగానే ఉంటాదండి. అందులో హద్దులన్నీ సరిగ్గానే ఉంటాయి. తూర్పున ఫలానా వారి తోట అని రాసుంటాది, ఆ తోట కూడా ఏట్లోనే. బీహారులో కోసీ అయితే మరీనూ, రెండొందల ఏళ్ళలో నూరు కిలోమీటర్లకి పైగా పడమరకి జరిగిపోయింది. 2008లో గట్టు తెగి ఒక్కసారిగా మళ్ళీ తూర్పుకి తిరిగింది. పటాల్లో నీలిగీత ఎక్కడుంటే ఏరు అక్కడుండాలని ఏముందండి?

అందుకని అక్కా, వాగు చెరిపితే ఎండిపోద్దని మాత్రం పెట్టకండి. గోడలు బట్టవి, ఏరు ఏటిది. ఏరు గోడని కోసేస్తే మర్నాడు బట్ట మీద ఆ చోట చిరుగు పడాలి.


తెరచాటు
ఆదివారం, ఉదయం 9:44

బట్ట చిరగడం! ఇది ఉంచెయ్యండి కాటుకకలం గారూ, ఇంకేం ఆలోచించకండి.


రెక్కలగుర్రం
ఆదివారం, ఉదయం 10:15

న్యూజెర్సీ నుంచి. ఇక్కడ రాత్రయింది, నిద్రపోదామని ఫోను పట్టుకుని ఇరుక్కుపోయా.

పటం గీస్తే ఊరు పుట్టిన కథ మా పక్క రాష్ట్రంలోనే ఉంది. న్యూయార్క్ రాష్ట్రంలో అగ్లో. 1930లలో జనరల్ డ్రాఫ్టింగ్ అనే పటాల కంపెనీలో లిండ్‌బర్గ్, ఆల్పర్స్ అని ఇద్దరు తమ పేర్ల పొడి అక్షరాలు కలిపి, మట్టిరోడ్డు మలుపు మీద లేని ఊరు ఒకటి రాసేశారు. ఎవరైనా తమ పటాన్ని కాపీ కొడితే ఆ ఊరు కూడా కాపీలోకి వస్తుంది, అప్పుడు పట్టుకోవచ్చని. కొన్నాళ్ళకి ఇంకో పెద్ద కంపెనీ పటంలో అగ్లో కనపడింది. దొరికారు అనుకున్నారు వీళ్ళు. తీరా చూస్తే ఆ మలుపులో నిజంగానే అగ్లో జనరల్ స్టోర్ అని బోర్డు పెట్టుకుని కొట్టు నడుస్తోంది! కొట్టువాడు పటంలో పేరు చూసి ఇది అగ్లో కాబోలు అనుకుని పెట్టుకున్నాడు. తర్వాత కొట్టు మూతపడింది, ఊరు పటాల్లో చాలాకాలం ఉండిపోయింది.

దీనికి తిరగేసిన కేసు కూడా ఉంది. ఆస్ట్రేలియాకీ న్యూ కాలెడోనియాకీ మధ్య శాండీ ఐలాండ్ అని పటాల్లో వంద ఏళ్ళకి పైగా ఉన్న దీవి. 2012లో ఆస్ట్రేలియా పరిశోధన ఓడ అక్కడికి వెళ్తే దీవి లేదు, వెయ్యి మీటర్లకి పైగా లోతున్న సముద్రం ఉంది. దీవి తీసేయడానికి ఎవరూ కష్టపడలేదు, పటంలో చుక్క చెరిపారు.

నా సలహా: గీతగాళ్ళలో ఒకడు గుర్తు కోసం దొంగ ఊరు ఒకటి గీసుకున్నాడు. తెల్లారేసరికి అందులో జనం ఉన్నారు. వాళ్ళకి తాతలు, తగాదాలు, అప్పులు అన్నీ ఉన్నాయి. ఇప్పుడు దాన్ని చెరపమని పైనుంచి ఆర్డరు వచ్చింది.


సీమపిల్లి
ఆదివారం, ఉదయం 10:22

ఓరి దేవుడా. ఈ ఊరోణ్ణి నేనే ఆడతా. ముందే చెప్తాండా, ఎవురూ అడగొద్దు.


వరంగల్‌వాన
ఆదివారం, మధ్యాహ్నం 12:40

గోడలు, మాయలు సరే. గీత మీద గీసుకుంట పోతే మనుషుల బతుకు ఏమైతదో సూడాల్నంటే ఏ మాయలోకం అక్కర లేదు. బెంగాల్ సరిహద్దుల చిట్‌మహల్‌లు సూడున్రి. బంగ్లాదేశ్ లోపల ఇండియా ముక్కలు 111, ఇండియా లోపల బంగ్లాదేశ్ ముక్కలు 51. దహల ఖగ్రాబరి అని ఒక జనపనార చేను ఉండె. అది ఇండియాది. దాని సుట్టూ బంగ్లాదేశ్ ఊరు. దాని సుట్టూ ఇండియా ఊరు. దాని సుట్టూ మళ్ల బంగ్లాదేశ్. గోడ ఒక్కటి లేదు, తలుపు ఒక్కటి లేదు. కానీ గా ముక్కలల్ల ఉన్నోళ్ళకు కరెంటు రాదు, బడి రాదు, పోలీసు రాడు. తమ దేశంలకు పోవాల్నంటే పక్కదేశం గుండ పోవాలె, గదానికి కాగితం కావాలె, గా కాగితం దొరికేది తమ దేశంల. 2015 జులై 31 అర్ధరాత్రి మార్చుకున్నరు. తెల్లారెవరకు ఇల్లు అక్కడ్నే ఉన్నది, దేశం మారింది.

బాబాయ్ లెక్కల గోడ ఉంటేనే చిక్కు. నిజంల కాగితమే చిక్కు. గీతగాళ్ళు గోడ గీయనే అక్కర లేదు అక్కా. ఊరికే రంగు మారిస్తే సాలు.


తెరచాటు
ఆదివారం, మధ్యాహ్నం 3:10

వాన గారూ, ఇదే మాట పద్మవ్యూహానికీ వర్తిస్తుంది. లోపలికి పోవడం తెలిసి బయటకి రావడం తెలియక అభిమన్యుడు పోయాడని అందరం చెప్పుకుంటాం. భారతంలో పదమూడో రోజు యుద్ధం చూడండి. అతను వ్యూహం పగలగొడితే వెనకాలే భీముడూ మిగతావాళ్ళూ చొరబడాలన్నది ఏర్పాటు. అతను దారి చేశాడు కూడా. ఆ దారికి అడ్డంగా సైంధవుడు నిలబడ్డాడు, ఆ ఒక్కరోజుకి అతనికి శివుడి వరం ఉంది. వ్యూహం అంత చిక్కుగా ఉండబట్టి కాదు, తెరిచిన తలుపు దగ్గర ఒకడు నిలబడబట్టి కుర్రాడు ప్రాణం పోగొట్టుకున్నాడు. మడతలసీమలో కూడా ప్రతి తలుపు దగ్గరా నిలబడగలవాడు ఒకడుంటాడు. వాడికి లంచం ఎంత అన్నది పంచాంగంలో ఉండదు.

కదిలే ఊళ్ళు కావాలంటే త్రిపురాలు ఉన్నాయి. తారకాసురుడి ముగ్గురు కొడుకులకి మయుడు కట్టినవి. బంగారు పురం స్వర్గంలో, వెండి పురం ఆకాశంలో, ఇనప పురం నేల మీద. విడివిడిగా తిరుగుతుంటాయి, వెయ్యేళ్ళకోసారి ఒక్కటవుతాయి. ఆ క్షణంలో ఒకే బాణంతో కొట్టగలిగితేనే నాశనం. బట్టలు మూడు పెట్టండి. రోజూ ఒకదాని కింద ఇంకోటి పరిచి ఉంటాయి, గీతలు ఎప్పుడూ సరిపోవు. సరిపోయే రాత్రి ఒకటి వస్తుంది.


కాటుకకలం
ఆదివారం, సాయంత్రం 4:05

మూడు బట్టలు అంటే నాకు భయంగా ఉంది, ఒక్క బట్టకే ఇన్ని తగాదాలు. సైంధవుడు మాత్రం నా సీమకి వచ్చేశాడు.


సీమపిల్లి
ఆదివారం, సాయంత్రం 4:18

నేను ఇంకో పాత్ర కూడా అనుకున్యా. పటశాలకి కరక్కాయలు తోలేవాడు. కరక్కాయలో నాసిరకం కలుపుతాడు. బట్టలో ఆ మూల గీసిన గోడలన్నీ సగం గోడలే. ఎవురికీ తెలీదు, వీడికీ వీడి కూటానికీ తప్ప. రాత్రిపూట సరుకంతా ఆ గోడల్లోంచే నడిపిస్తాడు.


బిట్‌బాబాయి
ఆదివారం, సాయంత్రం 5:30

కాటుకకలం, మడత గురించి ఎవరూ మాట్లాడట్లేదు. నాకు అదే అన్నిటికంటే ముఖ్యం అనిపిస్తోంది, చెప్తా విను.

గోడలు కాకుండా గదులే జరిగితే? చిన్నప్పుడు అందరం ఆడిన 15 అంకెల పలక ఉంది కదా, 16 గళ్ళు, ఒకటి ఖాళీ, బిళ్ళల్ని జరుపుతూ వరసలో పెట్టాలి. సీమలో ఒక గది ఖాళీ. రోజూ పక్క గది ఏదో ఒకటి ఆ ఖాళీలోకి జరుగుతుంది. 16 గళ్ళకే వచ్చే అమరికలు దాదాపు 10.46 లక్షల కోట్లు. ఆహా అనుకుంటాం. కానీ కాగితం మీద రాయగల అమరికల్లో ఇది సరిగ్గా సగం. మిగతా సగానికి ఎన్ని యుగాలు జరిపినా చేరలేం. 1879లోనే నిరూపించారు. మిగతావన్నీ ఉన్నచోటే ఉండి, ఖాళీ కూడా ఉన్నచోటే ఉండి, కేవలం రెండు గదులు మాత్రం ఒకదాని చోట ఒకటి మారడం అసాధ్యం. ఇలా మారాలంటే సరిసంఖ్యలో మార్పిళ్ళు జరగాలి, ఒకటి అనేది బేసి.

అంటే రాణిగారు నా అంతఃపురం, గుడి ఒకదాని చోటికి ఒకటి రావాలి, ఊళ్ళో ఇంకేదీ కదలకూడదు అని ఆజ్ఞ ఇస్తే, గీతగాళ్ళు తరతరాలు జరుపుతూనే ఉంటారు. అది కుదిరే పని కాదని వాళ్ళకి తెలియదు. ఒక్క మార్గం ఉంది. బిళ్ళని పలకలోంచి పైకి పీకి పెట్టడం. నీ లోకంలో అదే మడత. అది ఆటలో దొంగాట. కాబట్టి మడత చవగ్గా దొరకకూడదు. మడిచిన ప్రతిసారీ బట్ట ఆ గీత వెంట పలచబడాలి.


లంకపిల్లోడు
ఆదివారం, సాయంత్రం 5:41

పలచబడిన చోటే ఏరు కోస్తాదండి బాబాయ్.


బిట్‌బాబాయి
ఆదివారం, సాయంత్రం 5:43

లంకా, నీ కాళ్ళకి దండం.


రెక్కలగుర్రం
ఆదివారం, సాయంత్రం 6:20

లేచి చూసేసరికి ఎక్కడికో వెళ్ళిపోయారు. ఒక మాట. చిక్కుదారి అంటే ఎవరో పనిగట్టుకుని చిక్కుపెట్టడానికే కట్టారని ఎందుకనుకోవాలి? లక్నో బడా ఇమాంబాడాలో భూల్‌భులయ్యా చూడండి. 1784లో కరువు రోజుల్లో పని కల్పించడానికి నవాబు ఆసఫుద్దౌలా మొదలుపెట్టించాడు. మధ్య హాలు దాదాపు 50 మీటర్ల పొడవు, మధ్యలో స్తంభం లేదు, దూలం లేదు. అంత బరువైన కప్పు నిలబడాలంటే చుట్టూ కట్టడం గట్టిగానూ ఉండాలి, బరువు తక్కువగానూ ఉండాలి. అందుకని లోపల బోలుగా సందులు వదిలారు. ఒకేలా కనపడే 489 వాకిళ్ళు అని గైడ్లు చెబుతారు. జనం తప్పిపోవడం ఆ కప్పు నిలబడినందుకు కట్టిన మూల్యం. గీతగాళ్ళు కూడా దేనినో నిలబెట్టడానికే రోజూ గోడలు మారుస్తున్నారేమో. అదేమిటో వాళ్ళూ మర్చిపోయి ఉండొచ్చు.


వేదిక నిర్వాహకులు
ఆదివారం, సాయంత్రం 6:45

చర్చ బాగుంది, కొనసాగించండి. పాత్రల పంపకం తగాదాలు మాత్రం విడి అంశంలో పెట్టుకోండి. సీమపిల్లి గారూ, ఒకరికి ఒక పాత్రే.


కాటుకకలం
ఆదివారం, రాత్రి 11:20

ఇవాళ మొదటి ఆట ఆడేశాం. గోడలు, 63 తలుపులు, తాటాకు పంచాంగం పెట్టి చూశాను. కుర్రాళ్ళు మొదటి గంటలోనే తాటాకుని నమ్మడం మానేశారు, దారిలో కనపడ్డ ప్రతివాణ్ణీ నువ్వెటు నుంచి వచ్చావు, ఎప్పుడు దాటావు అని అడగడం మొదలెట్టారు. అది నేను రాయలేదు, వాళ్ళే కనిపెట్టారు.

ఏరు ఏటిదే. ఒప్పుకున్నా. మడిస్తే పలచబడుతుంది, ఉతికితే ముడుచుకుంటుంది. దొంగ ఊరు ఉంటుంది. గురువు గారి రాయి మీద మాత్రం ఇంకా తేల్చుకోలేదు. ఒక రాయి పెడితే గీతగాళ్ళ పని కొలవడం అవుతుంది, పెట్టకపోతే శాసించడం అవుతుంది. నాకు రెండూ కావాలి.

ఆటలో ఒక చిక్కొచ్చి ఆగిపోయాం. రెండు ఊళ్ళ మధ్య ఏరు. పై ఊరివాడు వేలంలో రేవు పాట పాడుకున్నాడు, ఏడాదికి డబ్బు కట్టేశాడు, జనాన్ని దాటించే పంటు నడుపుతున్నాడు. నడి ఏడాదిలో ఏరు జరిగి వాడి రేవు ఇసకలో మిగిలింది, నీళ్ళు పక్క ఊరి పొలాల్లోంచి పోతున్నాయి. జనం ఇప్పుడు అక్కడ దాటాలి. పంటు డబ్బులు ఎవరికి?


గొలుసుసర్వేయరు
ఆదివారం, రాత్రి 11:34

పాట పాడింది రేవుకి. రేవు ఫలానా సర్వే నంబరులో ఉంటుంది. ఆ నంబరులో నీళ్ళు లేకపోతే వాడికి రావలసింది కట్టిన డబ్బు వాపసు, అంతే. పక్క ఊరివాళ్ళు కొత్తగా పాట పెట్టుకోవాలి.


లంకపిల్లోడు
ఆదివారం, రాత్రి 11:36

అలా కుదరదండి సార్. పంటు ఎవరిది? వాడిది. నడిపేది ఎవరు? వాడే. కొత్త పాట పెట్టేదాకా జనం ఈదుకుంటా పోవాలా? ఏరు ఎక్కడికి పోతే పంటు అక్కడికి పోద్ది, డబ్బులు వాడివే.


వరంగల్‌వాన
ఆదివారం, రాత్రి 11:39

పొలం మునిగినోనికి ఏమిస్తరో ఎవ్వరూ అడుగరేంది?